పట్టీ కట్టని కాలు

నా మొగుడికి మాట్లాడే ఉద్యోగం వచ్చిందంటే చిల్కానగర్‌లో అందరికంటే ముందు నవ్వినదాన్ని నేనే. పెళ్లైన కొత్తలో సినిమాకు తీసుకెళ్లి, ఇంటర్వెల్‌లో సమోసా కావాలా అని అడగడానికి మొహమాటపడి, రెండు తెచ్చి రెండూ నా చేతిలోనే పెట్టిన మనిషి ఆయన. అటువంటి ఉప్పలయ్యకు మైకు ఇచ్చి ఫుట్‌బాల్ ఆటను తెలుగులో చెప్పమన్నారు.

ఆట ఆయనకు తెలియనిది కాదు. కాజీపేట రైల్వే గ్రౌండులో మొదలుపెట్టి గోవా, కలకత్తా క్లబ్బుల దాకా వెళ్లి, అదే వృత్తిగా బతికినవాడు. వెనక నిలబడి గోల్ పడకుండా అడ్డుకునే డిఫెండర్. గోల్ కొట్టినవాడి ఫోటో పేపర్లో వస్తుంది గాని అడ్డుకున్నవాడిది రాదు కదా, అందుకని మా వీధిలో ఆయనెవరో ఎవరికీ తెలియదు. పైగా మా ఉప్పల్ అంటే జనానికి క్రికెట్ స్టేడియమే. "ఫుట్‌బాల్ ఆడితే జీతమిస్తరా అక్కా?" అని నన్ను అడిగినవాళ్లున్నారు. మోకాలు పోయి ఇంటికొచ్చాక, పూలమ్మిన చోట కట్టెలమ్మలేనన్నట్టు ఆయన ఏ గ్రౌండు వైపూ వెళ్లలేదు. నా కర్రీ పాయింట్‌లో ఉల్లిగడ్డలు తరుగుతూ, కూర కవర్లకు రబ్బరు బ్యాండ్లు వేస్తూ కూర్చునేవాడు. పని బాగానే చేసేవాడు. మనిషి మాత్రం అక్కడ ఉండేవాడు కాదు.

దసరా ముందు ఒక యాప్ వాళ్లు పిలిచారు. లీగ్ మ్యాచులు దేశంలో ఎక్కడ జరిగినా, నాచారం పారిశ్రామికవాడలో ఒక పాత గోడౌనును స్టూడియో చేసుకుని, అక్కడ తెర మీద చూస్తూ తెలుగులో చెప్పే ఏర్పాటు అది. మాటకారి ఒకడుంటే, ఒకప్పుడు ఆడినవాడు ఒకడు పక్కన ఉండాలట. అంత దూరం ఆడిన తెలుగువాళ్లు ఎంతమంది గనక, ఈయన దొరికాడు.

మొదటి మ్యాచ్‌ను షాపులో ఫోన్ పెట్టుకుని విన్నాను. తేజేష్ అని, రేడియోలో పనిచేసి వచ్చిన అబ్బాయి, ఊపిరి తీసుకోకుండా చెప్తున్నాడు. మధ్యలో "మీరేమంటారు ఉప్పలయ్య గారూ?" అని అడిగితే మా ఆయన "అవును" అన్నాడు. ఇంకోసారి అడిగితే "అవును, మంచిగుంది" అన్నాడు. గోల్ పడ్డప్పుడు "అయ్యో" అన్నాడు. ఏ టీమ్‌ను చూసి అయ్యో అన్నాడో వినేవాళ్లెవరికీ తెలియలేదు.

మరునాడు సాయంత్రం గిరాకీ మొదలవగానే గరిటె ఒకటి ఆయన చేతిలో పెట్టాను.

"ఇదే మైకు అనుకో. చెప్పు."

"ఏం చెప్పాలె?"

"వచ్చేటోళ్లను చెప్పు. నీ ముంగట ఆట ఆడుతనే ఉన్నరు కద."

ఆయన చాలాసేపు గరిటెను చూశాడు. తర్వాత గొంతు తగ్గించి మొదలుపెట్టాడు. "ఎడమ దిక్కు నుంచి మూర్తి సారు వస్తుండు. కండ్లు గుత్తొంకాయ మీదున్నయి, కాళ్లు మాత్రం పప్పు దిక్కు పోతున్నయి. ఇంట్ల షుగరు అన్నరు గావచ్చు. ఎనక నుంచి ఒక అక్క జొచ్చింది… చికెన్ ఆఖరి కవరు… సారు చెయ్యి సాపిండు, అక్క తీస్కపోయింది. సారుది పొజిషన్ మంచిదే గాని, కాలు లేటుగ ఏసిండు."

వరసలో ఉన్నవాళ్లంతా నవ్వారు. రిటైరైన క్లర్కు నరసింహమూర్తి గారు అందరికంటే గట్టిగా నవ్వి, షుగరు సంగతి మరచి గుత్తొంకాయే కట్టించుకున్నారు. ఆ వారమంతా "అన్నా, జర నా మీద చెప్పవా" అని అడిగి మరీ కూరలు కొన్నారు. నేను గమనించిందేమిటంటే, ఆయన ఎవరి ముఖమూ చూడడు. అందరి కాళ్లే చూస్తాడు.

ఒక రోజు అన్నం డబ్బా పట్టుకుని స్టూడియోకి వెళ్లాను. చిన్న గాజు గది, రెండు కుర్చీలు, ముందు పెద్ద తెర. ఇద్దరి చెవులకూ ఇయర్‌ఫోన్లు. బయట గదిలో ఆమని అనే అమ్మాయి కూర్చుని, అన్నిటికీ తానే పెద్దగా, ఒక బటన్ నొక్కి వాళ్ల చెవుల్లో మాట్లాడుతుంది. రాజమండ్రి పిల్ల. నాకంటే చిన్నదే గాని, మా ఆయనకు పంతులమ్మలా చెప్తోంది.

"బంతి ఎక్కడుందో అందరికీ కనబడుతుంది సార్. అది తేజేష్ చెప్తాడు. మీ కంటికే కనబడేది ఏదో ఉంటుంది చూడండి, అది చెప్పండి. అందుకే కదండీ మిమ్మల్ని కూర్చోబెట్టింది!"

ఆ మాట ఆయనకు ఎక్కింది. నెల తిరక్కుండానే ఆయన మాట కోసం మ్యాచ్ పెట్టేవాళ్లు తయారయ్యారు. గోల్‌కీపర్ భుజం వాల్చాడంటే ఎటు దూకుతాడో ముందే చెప్పేవాడు. ఎవరు అలసిపోయారో, ఎవరికి కోపమొచ్చిందో చెప్పేవాడు. ఇంటికొచ్చాక నాతో కూడా మాట్లాడటం మొదలుపెట్టాడు. ఆ చలికాలం నేను సంతోషంగా ఉన్నాను. ఉన్నమాట ఉన్నట్టు చెప్పాలి కదా.

నా తమ్ముడు జీవన్ మన సిటీ టీమ్‌లోనే ఆడతాడు, కుడి వైపు వింగ్‌లో. అమ్మ పోయాక నా దగ్గరే పెరిగాడు. నాచారంలో ఫ్యాక్టరీల వెనకున్న ఖాళీ స్థలంలో వాడికి ఆట నేర్పింది వాళ్ల బావే. ఆయన క్లబ్బు నుంచి సెలవులకు ఇంటికొచ్చినప్పుడల్లా వాణ్ని పొద్దున్నే లేపి తీసుకెళ్లేవాడు. ఈ సీజన్‌తో వాడి కాంట్రాక్టు అయిపోతుంది. బాగా ఆడితే ఇంకో రెండేళ్లకు రాసుకుంటారు. లేకపోతే ఇరవై ఆరేళ్లకే కొత్త క్లబ్బు కోసం గడప గడపా తిరగాలి.

శివరాత్రికి ముందు ఒక రోజు ఇంటికొచ్చాడు. కింద షాపు, పైన ఇల్లు. వాడు రెయిలింగ్ పట్టుకుని మెట్లెక్కడం చూశాను.

"ఏందిరా, ముసలోడి లెక్క ఎక్కుతున్నవ్?"

"ఏం లేదక్కా, జిమ్‌ల జర ఎక్కువ జేసిన."

లోపల టీవీ చూస్తున్న వాళ్ల బావ తల తిప్పి వాడి వైపు ఒక్కసారి చూసి, మళ్లీ టీవీ వైపు తిరిగాడు. ఏమీ అడగలేదు. వాడు తిన్నంతసేపూ ఇద్దరూ వేరే టీమ్‌ల గురించి మాట్లాడుకున్నారు.

ఆ వారాంతం మ్యాచ్‌కు జీవన్ కుడి మోకాలికి పట్టీ కట్టుకుని దిగాడు. షాపులో టీవీ పెట్టాను. నాలుగైదు సార్లు బంతి వాడి కాలి దగ్గరకొచ్చింది. వచ్చినప్పుడల్లా వెనక్కే ఇచ్చాడు. "జీవన్ ఈ రోజెందుకో జంకుతున్నట్టున్నాడు, మీరేమంటారు?" అన్నాడు తేజేష్.

మా ఆయన గొంతు వెంటనే అందుకుంది. "జంకు గాదు. పట్టీ కుడికాలికి ఉంది గని, నొప్పి ఎడమ కాలిది. కుడికాలితోని కొట్టాలంటే ఎడమ కాలి మీద నిలబడాలె కద. నిలబడ్తలేడు. అందుకే ఎనుకకు ఇస్తుండు. ఎడమ దిక్కు తిప్పితే ఆగిపోతడు, సూడుండ్రి."

అన్నట్టే వాడు ఆ తర్వాతి బంతికి ఎడమ వైపు తిరగబోయి ఆగిపోయాడు. ఎప్పుడూ నోరు మూయని తేజేష్ కూడా మూశాడు. నా చేతిలో సాంబారు కవరు ఒలికి గల్లాపెట్టె మీద పారుతోంటే నరసింహమూర్తి గారు "అమ్మా, అమ్మా" అని పిలిచారు.

పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. ఇప్పుడు దాటడానికి ఒక సాయంత్రం కూడా పట్టదు. ఆ ముక్కను ఎవరో కత్తిరించి ఫోన్లలో వదిలారు. తెలుగు రానివాళ్ల కోసం కింద ఇంగ్లీషులో అర్థం కూడా వేశారు. 'ఉప్పల్ కన్ను' అని పేరు పెట్టి మెచ్చుకున్నారు. క్లబ్బు వాళ్లు జీవన్‌ను స్కానింగ్‌కు పంపి, ఆ తర్వాతి మ్యాచ్ నుంచి పక్కన పెట్టారు.

వాడు బ్యాగు తీసుకుని వచ్చాడు. ఏడవలేదు, అరవలేదు. బావ ఎదురుగా కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"పట్టీ ఏ కాలికి కట్టాల్నో నేర్పింది నువ్వే కద బావా."

"అవును."

"మంచి కాలికి కట్టు, కొట్టేటోడు పట్టీ సూసి కొడ్తడు, నొప్పి కాలు బతుకుతది అని చెప్పలే? గ్రౌండు మాట గ్రౌండుల్నే ఉండాలె అని చెప్పలే?"

"చెప్పిన."

"నీకు కనబడ్తదని నాకు ఎరికే. కనబడ్తదనే ఇంటికొచ్చినప్పుడు భయపడ్డ. నువ్వు నోరిప్పుతవని మాత్రం అనుకోలే."

ఆయన ఏదో అనబోయాడు. జీవన్ చెయ్యి అడ్డం పెట్టాడు. "అందరు అన్నరు, మీ బావ మస్తు చెప్పిండని. నిజంగనే మస్తు చెప్పినవ్." బ్యాగు తీసుకుని లోపలికి వెళ్లిపోయాడు. ఆ రోజు నుంచి బావ ఇంట్లో ఉంటే వాడి పళ్లెం గదిలోకి వెళ్లేది.

అడకత్తెరలో పోకచెక్క ఎట్లా ఉంటుందో నాకు తెలిసింది. ఒకవైపు తాళి కట్టినవాడు, ఒకవైపు నేను తల దువ్వి బడికి పంపి పెంచినవాడు. దవాఖానాలో డాక్టరు స్కానింగ్ చూసి ఆపరేషన్ చెయ్యాలన్నాడు. "ఇట్లనే ఆడి ఉంటే ఏమయ్యేది సార్?" అని అడిగాను. నాకు ఎవరి మీద కోపపడాలో తేల్చుకోవాలని ఉంది. డాక్టరు కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "చెప్పలేమమ్మా. సీజన్ అంతా లాగేవాడేమో. తర్వాతి మ్యాచ్‌లోనే పూర్తిగా తెగేదేమో." ఆ డాక్టరు మీద కూడా నాకు కోపమొచ్చింది.

బయట వరండాలో మా ఆయన కూర్చుని ఉన్నాడు. పక్కన కూర్చున్నాను.

"నోరు జారిందా, కావాలనే అన్నవా? ఒక్కటి చెప్పు నాకు."

"నోరు జారిందంటే నువ్వు మాఫ్ చేస్తవు. వాని మంచి కోసమే అన్ననంటే వాడు ఎప్పుడో ఒకనాడు మాఫ్ చేస్తడు," అన్నాడు నేల చూస్తూ. "రెండూ అబద్ధమే సంతోషీ. ఆ నిమిషం నేను వాని బావను గాదు. కండ్ల వడ్డది, నోట్లకొచ్చింది. అనేటప్పుడు మస్తు మంచిగనిపించింది."

ఇంకా ఏదైనా అంటాడని చూశాను.

"నా మోకాలప్పుడు టీమ్‌ల అందరికి ఎరికే. ఒక్కడు నోరు తెరవలే. అది మంచో, ఇది మంచో నాకు తెల్వదు."

నిజం చెప్పినందుకు మెచ్చుకోవాలి. నేను మెచ్చుకోలేదు. ఆ నిజం నన్ను ఇంకా బాధపెట్టింది. ఆటో పిలిచి నేనొక్కదాన్నే ఇంటికి వెళ్లాను.

ఆపరేషన్ అయ్యింది. క్లబ్బు నుంచి కాంట్రాక్టు మాట రాలేదు. జీవన్ స్థానంలో రంజిత్ అని, వాడికంటే వయసులో పెద్దవాడు, ఎప్పుడూ బెంచీ మీద ఉండేవాడు దిగి బాగా ఆడుతున్నాడు. వాడి పేరు వినబడితే చాలు జీవన్ రిమోట్ వెతికేవాడు. బావ గొంతు వినబడితే శబ్దం తీసేసి బొమ్మ మాత్రం చూసేవాడు.

ఒక రోజు ఆమని ఫోన్ చేసింది. "అక్కా, సార్ మళ్లీ 'అవును'లోకి వెళ్లిపోయారండీ. మావాళ్లు 'ఉప్పల్ కన్ను' అని రోజూ పెడదామంటే, ఇక మనుషుల ఒంటి గురించి చెప్పనని ఒట్టు పెట్టుకున్నారట. ఇట్లాగైతే వచ్చే సీజన్‌కు ఉంచరండీ. మీరైనా చెప్పండి."

నేను చెప్పలేదు. ఏం చెప్పమంటారు? ఆయన మళ్లీ ఉల్లిగడ్డల దగ్గరికి వచ్చేస్తాడేమోనని భయం వేసింది గాని, ఆ ఒట్టు తీసెయ్యమని అడిగే హక్కు నాకు లేదనిపించింది.

ఫైనల్ ఆదివారం సాయంత్రం. మన టీమే ఫైనల్‌కు వచ్చింది. షాపు దగ్గర గిరాకీ విరగబడి, చీకటి పడకముందే గిన్నెలన్నీ ఖాళీ అయ్యాయి. షట్టర్ దించి పైకి వచ్చేసరికి జీవన్ కాలు స్టూలు మీద పెట్టుకుని టీవీ ముందున్నాడు. శబ్దం లేదు. "నాకు వినాలనుంది," అన్నాను. వాడు రిమోట్ నా వైపు తోశాడు.

రెండో సగంలో రంజిత్, అవతలి టీమ్ వాడు ఇద్దరూ బంతి కోసం ఎగిరారు. తలలు తగిలాయి. ఇద్దరూ పడ్డారు, ఇద్దరూ లేచారు. రక్తమేమీ లేదు. రంజిత్ చెయ్యి ఊపి బాగున్నానన్నాడు, ఆట మొదలైంది. తేజేష్ మళ్లీ అందుకున్నాడు.

జీవన్ కుర్చీలో ముందుకు జరిగాడు.

"అక్కా, వానికి సోయి లేదు."

"ఎవరికి?"

"రంజిత్‌కు. సూడు, ఎటు దిక్కు నిలబడ్డడో వానికే తెల్వదు. బంతి ఎవలకిచ్చిండు? అవతలోనికిచ్చిండు. గిట్ల ఇంకోసారి తల తగిల్తే పాణం మీదికొస్తది."

నాకు మాత్రం రంజిత్ మామూలుగానే నడుస్తున్నట్టు కనిపించింది. టీవీలో తేజేష్ అడిగాడు, "రంజిత్ మళ్లీ ఆటలో పడ్డాడు, మీరేమంటారు ఉప్పలయ్య గారూ?"

"ఆట… ఆట మంచిగ నడుస్తుంది," అంది మా ఆయన గొంతు. ఆ గొంతు నాకు తెలుసు. మనసులో లేని మాట అంటే ఆయన మధ్యలో ఆగుతాడు.

"సూసిండక్కా," అన్నాడు జీవన్. "బావ సూసిండు. చెప్తలేడు." టీవీ వైపు తిరిగి, "చెప్పు బావా," అన్నాడు. ఇంకోసారి గట్టిగా, "చెప్పవేందే!" అన్నాడు. వాడు బావా అనడం ఆపరేషన్‌కు ముందు విన్నాను, మళ్లీ అప్పుడే.

నా ఫోన్ లాక్కుని ఆమనికి కలిపాడు. "అక్కా, లైవ్‌లో ఉన్నామండీ" అని ఆమె అంటుండగానే అందుకున్నాడు.

"మేడం, నేను జీవన్‌ను. బావ చెవుల ఒక్క మాట చెప్పుండ్రి. జీవన్ చెప్పమన్నడు అని. గంతే. ఆయనకు ఎరికైతది."

ఫోన్ పెట్టేశాడు. యాప్‌లో మ్యాచ్ అసలు ఆట కంటే కొంచెం వెనకగా వస్తుంది. నాచారంలో ఆమని బటన్ నొక్కిందో లేదో, ఆయన అన్నాడో లేదో, అక్కడ అయిపోయిన సంగతి ఇక్కడ మాకింకా తెలియదు. ఇద్దరం తెరను చూస్తూ కూర్చున్నాం.

తేజేష్ ఏదో వాక్యంలో ఉన్నాడు. దాన్ని కోసేస్తూ మా ఆయన గొంతు వచ్చింది.

"రంజిత్‌కు దెబ్బ గట్టిగ తగిలింది. కాళ్లు సూడుండ్రి, తడబడుతున్నయి. ఆయనకు ఇప్పుడు ఎక్కడున్నడో ఎరుక లేదు. గిది ఆట కాదు. గ్రౌండు కాడ మన మాట వినేటోళ్లు ఎవరన్న ఉంటే, ఆయన్ను బయటికి తీస్కపోండ్రి. ఓడితే ఓడిన్రు."

గొంతు ఎక్కడా ఆగలేదు. ఇంకో రెండు పాస్‌లు నడిచాయి. బంతి గీత దాటి బయటికి పోయినప్పుడు బెంచీ దగ్గర నుంచి సంచీ పట్టుకుని డాక్టరు లోపలికి పరుగెత్తాడు. మా ఆయన మాట ఎవరైనా చేరవేశారో, డాక్టరు తన కళ్లతోనే చూశాడో నాకు తెలియదు. రంజిత్ రానని తల అడ్డంగా ఊపాడు. ఇద్దరు పట్టుకుని నడిపించుకెళ్లారు.

మన టీమ్ ఓడిపోయింది. మా వీధిలో ఎవరో గట్టిగా తిట్టుకున్నారు. జీవన్ టీవీ కట్టెయ్యలేదు. మ్యాచ్ అయ్యాక వాళ్లు చెప్పే నాలుగు మాటలు కూడా చివరిదాకా విన్నాడు.

"అక్కా, బావకు కూర తీసిపెట్టినవా?"

"ఎక్కడిదిరా, మొత్తం అమ్ముడుపోయింది. గిన్నెలు గూడ కడిగిన."

వాడు కర్ర అందుకుని లేచాడు. వద్దంటే వినలేదు. వంటింట్లోకి వెళ్లి గుడ్లు తీశాడు, ఉల్లిగడ్డ, మిర్చి తరిగాడు, గిన్నెలో గిలక్కొట్టాడు. నేను పొయ్యి వెలిగించబోయాను.

"ఇప్పుడే ఎయ్యకక్కా," అన్నాడు. "బావ రానీ. సల్లారితే తినడు."